చేప చచ్చిన రోజు కాదు, అంతకు పది రోజుల ముందు నీళ్లెలా ఉన్నాయో అడగండి

సంపాదకులు గారికి,
నమస్కారం.

మొన్న మీ జిల్లా పేజీలో కొల్లేరు చుట్టుపక్కల చెరువుల్లో చేపలు చనిపోతున్నాయని, అంతుచిక్కని వైరస్ ఏదో వచ్చిందని రైతులు హడలిపోతున్నారని వార్త వేశారు. గట్టు వెంట పొట్టలు పైకి తేలిన శీలావతుల ఫొటో కూడా ఉంది. రొయ్యకి జలుబు చేసినా మొదటి పేజీకెక్కుతుంది కానీ చేప గురించి రాసేవాళ్లు తక్కువ, కాబట్టి రాసినందుకు ముందుగా థ్యాంక్స్. అయితే వార్త రెండుసార్లు చదివినా ఆ చెరువులో ఆ వారం నీళ్లెలా ఉన్నాయన్న మాట ఒక్కటీ కనబడలేదు. తెల్లారుజామున ఆక్సిజన్ ఎంత ఉందో, ఎన్నాళ్లు మబ్బు పట్టిందో, అంతకుముందు వల లాగారో లేదో, ఏ డ్రెయిన్ నుంచి నీళ్లు తోడారో, ఏం మందు చల్లారో, ఇవేవీ లేవు. వైరస్ అన్న పేరు మాత్రం ఉంది. ఆ పేరు చూసి సాయంత్రానికల్లా మా ఊళ్లో జనం మందుల షాపు ముందు నిలబడ్డారు.

నేను కైకలూరు దగ్గర చెరువులు లీజుకి తీసుకుని శీలావతి, బొచ్చె పెంచుతున్నాను. నేను చెప్పదలుచుకున్నది ఒక్కటే విషయం, కాస్త పెద్దగానే చెబుతాను, దయచేసి వేయండి. మా చెరువుల్లో చేపకి వచ్చే రోగాల్లో చాలా భాగం ముందు నీళ్లలో మొదలై తర్వాత చేపకి వస్తుంది. అదీ వెంటనే రాదు, రోజులు పడుతుంది. మనం చచ్చిన చేపని చూసి ఆ రోజు ఏం జరిగిందని వెతుకుతాం, అసలు జరిగింది వారం పది రోజుల కిందట జరిగిపోయి ఉంటుంది.

ఎర్ర మచ్చలు, తోక కుళ్లు, పొట్ట ఉబ్బడం, పొలుసులు లేచి నిలబడటం, వీటిలో చాలా వాటి వెనక ఉండే బ్యాక్టీరియా ఏరోమోనాస్. అది ఎక్కడి నుంచో కొత్తగా రాదు. ప్రతి చెరువులోనూ ఉంటుంది, అడుగు బురదలో ఉంటుంది, ఆరోగ్యంగా తిరిగే చేప పేగుల్లో కూడా ఉంటుంది. మరి అన్నాళ్లూ ఊరుకున్నది ఒక వారంలో ఎందుకు చెలరేగింది? 1974లోనే స్నీజ్కో అనే అమెరికా శాస్త్రవేత్త దీన్ని మూడు వృత్తాలు గీసి చూపించాడు. ఒకటి చేప, ఒకటి క్రిమి, ఒకటి చుట్టూ ఉన్న పరిస్థితి. మూడూ ఒకదాని మీద ఒకటి పడిన చోటే రోగం. ఫిషరీస్ చదివిన ప్రతి పిల్లాడూ ఈ బొమ్మ పరీక్షలో గీసే ఉంటాడు, గట్టు మీదకి వచ్చేసరికి మాత్రం క్రిమి వృత్తం ఒక్కటే గుర్తుంటుంది, ఎందుకంటే దానికే సీసాలో మందు అమ్మవచ్చు.

టెన్షన్ పడితే మనిషి ఒంట్లో ఊరే కార్టిసాల్ అనే హార్మోనే చేప ఒంట్లోనూ ఊరుతుంది. కాసేపు ఉండి పోతే నష్టం లేదు, ప్రమాదం తప్పించుకోవడానికి పనికొస్తుంది. రోజుల తరబడి ఉంటేనే ముప్పు. రోగంతో పోరాడే తెల్ల కణాలు తగ్గుతాయి, మేత తినదు, ఒంటి మీద జిగురు పొర పల్చబడుతుంది. ఆ జిగురే చేపకి మొదటి కాపలా, చేత్తో పట్టుకుంటే జారిపోయేది దాని వల్లే. అది పోయిన చోట చర్మం మీద క్రిమి కాలు పెడుతుంది. పైగా చేప ఎక్కడికీ పారిపోలేదు. గేదెకి ఎండ తగిలితే చెట్టు కిందకి పోతుంది, నాలుగు గట్ల మధ్య ఉన్న చేప ఆ నీళ్లలోనే ఊపిరి తీసుకోవాలి, అందులోనే విసర్జించాలి.

ముందు ఆక్సిజన్ గురించి చెబుతాను, మాకు ఎక్కువ దెబ్బ దానివల్లే. ఇరవై డిగ్రీల దగ్గర లీటరు మంచినీళ్లు తొమ్మిది మిల్లీగ్రాముల దాకా ఆక్సిజన్ పట్టగలిగితే, ముప్ఫై డిగ్రీల దగ్గర ఏడున్నరకి మించి పట్టవు. వేడి పెరిగే కొద్దీ చేపకి కావలసింది పెరుగుతుంది, నీళ్లలో ఉన్నది తగ్గుతుంది. దానికి తోడు మన చెరువులు నాచుతో పచ్చగా ఉంటాయి, కోళ్ల ఎరువు, తవుడు, సూపర్ ఫాస్ఫేట్ వేసి మనమే పచ్చ చేస్తాం. పగలు ఆ పచ్చదనమే ఆక్సిజన్ ఇస్తుంది, రాత్రి అదే తాగేస్తుంది. నాలుగు గంటల వేళ టార్చి వేసి చూస్తే తెలుస్తుంది, మేత సంచుల వరస దగ్గర ముందు బొచ్చెలు పైకి వస్తాయి, నోళ్లు నీటి మట్టానికి తెరిచి పెట్టి గుటకలు వేస్తుంటాయి, చప్పుడు చేసినా లోపలికి దిగవు. ఆ తర్వాత శీలావతులు. సూర్యుడు వచ్చి ఓ గంటయ్యాక అన్నీ కిందకి దిగిపోతాయి. రైతు అమ్మయ్య అనుకుని టీ తాగడానికి పోతాడు, ఒక్కటీ చావలేదు కదా.

అసలు కథ అక్కడే మొదలవుతుంది. శీలావతి, బొచ్చె లాంటి కార్పు జాతి చేప సుఖంగా ఉండాలంటే లీటరు నీళ్లలో ఆక్సిజన్ ఐదు మిల్లీగ్రాములకి తగ్గకూడదు. మూడుకి తగ్గితే బతుకుతుంది కానీ ఒత్తిడిలో బతుకుతుంది. తుఫాను పట్టి మూడు నాలుగు రోజులు సూర్యుడు లేకపోతే వరసగా అన్ని రాత్రులూ ఆ స్థితే. చేప చావదు. మబ్బు విడిపోతుంది, ఎండ కాస్తుంది, అందరూ మర్చిపోతారు. ఆ తర్వాత వారానికో పది రోజులకో ఒంటి మీద ఎర్ర మచ్చలు కనబడతాయి, రోజుకి ఐదు, పది, ఇరవై అలా తేలడం మొదలవుతుంది. అప్పుడు ఎండ ఉంది, నీళ్లు బాగానే కనిపిస్తున్నాయి, ఆక్సిజన్ చూస్తే సరిగానే ఉంది. కాబట్టి ఇది ఏదో కొత్త రోగం అంటారు. కొత్తదేమీ కాదండీ, తుఫాను రోజులకి ఇప్పుడు చెల్లిస్తున్నాం.

వల లాగినా అంతే. సైజు చూడటానికో, సగం పట్టుబడికో వల వేసి, మిగిలినవాటిని ఎండలో బురద నీళ్లలో కుక్కి వదిలిన చెరువుల్లో తర్వాతి రెండు వారాలు జాగ్రత్తగా గమనించండి. చేప పిల్లని లారీలో తెచ్చి నేరుగా చెరువులో గుమ్మరించినా అంతే.

చావు తీరు చూస్తే చాలా వరకు చెప్పేయవచ్చు. ఒక్క రాత్రిలో పెద్ద చేపలు ముందుగా గుంపుగా పోతే అది ఆక్సిజన్. ఏ వేళంటే ఆ వేళ, చిన్నా పెద్దా తేడా లేకుండా, నత్తలూ కప్పలతో సహా పోతే నీళ్లలో విషం కలిసింది. 2017 అక్టోబరులో హైదరాబాద్ శివారు గండిగూడెం చెరువు నిండా చచ్చిన చేపలు తేలాయి, ఫ్యాక్టరీల వ్యర్థాలే కారణమని అక్కడి మత్స్యకారులు మొత్తుకున్నారు. అలాంటి చావుని రోగం ఖాతాలో రాసేస్తే తప్పు చేసినవాడు తప్పించుకుంటాడు. రోజుకి కొన్ని చొప్పున మొదలై పెరుగుతూ పోతే అప్పుడు క్రిమి. అప్పుడైనా దానికి తలుపు తీసింది ఎవరని అడగాలి.

అమ్మోనియా సంగతి మా రైతులకే సరిగా తెలియదు. మేత ఎక్కువైనా, అడుగు బురద కుళ్లినా అమ్మోనియా పుడుతుంది. అది నీళ్లలో రెండు రూపాల్లో ఉంటుంది, ఒకటి పెద్దగా హాని చేయనిది, రెండోది మొప్పల్ని కాల్చేది. ఏది ఎంత అన్నది పీహెచ్‌ని బట్టి మారుతుంది. పీహెచ్ అంటే నీళ్లు ఆమ్లమో క్షారమో చెప్పే అంకె. ముప్ఫై డిగ్రీల వేడిలో పీహెచ్ ఏడు దగ్గర విషపు రూపం నూటికి ఒక వంతు కూడా ఉండదు. ఎనిమిది దగ్గర ఏడెనిమిది వంతులు. తొమ్మిది దగ్గర నలభై దాటిపోతుంది! బాగా పచ్చగా ఉన్న చెరువులో మధ్యాహ్నం మూడు గంటలకి పీహెచ్ తొమ్మిదికి చేరడం మామూలే. పొద్దున్నే నీళ్లు పట్టుకెళ్లి పరీక్ష చేయిస్తే అమ్మోనియా పర్లేదు అని రిపోర్టు వస్తుంది, అదే అమ్మోనియా మధ్యాహ్నానికి మొప్పలు కాలుస్తూ ఉంటుంది. ఇక్కడ ఇంకో ప్రమాదం ఉంది. చేప తేలిందంటే మనకి ముందు గుర్తొచ్చేది సున్నం. కాల్చిన సున్నం పీహెచ్‌ని ఇంకా పైకి నెడుతుంది. అమ్మోనియా ఉన్న చెరువులో పీహెచ్ చూడకుండా సున్నం కొట్టడమంటే విషాన్ని మన చేత్తో మనమే పెంచడం.

నైట్రైట్ అని ఇంకొకటుంది, అమ్మోనియా నుంచే పుడుతుంది. ఒకసారి మా పక్క చెరువులో చేప మొప్ప ఎత్తి చూస్తే నెత్తుటి ఎరుపు లేదు, చాక్లెట్ రంగు. నీళ్లలో ఆక్సిజన్ ఉంది, నీళ్లలోకి గాలి ఎక్కించే ఏరేటర్లు తిరుగుతున్నాయి, చేప మాత్రం ఊపిరాడక తేలుతోంది, ఎందుకంటే నైట్రైట్ ఎక్కిన రక్తం ఆక్సిజన్‌ని మోయలేదు. దానికి విరుగుడు మామూలు ఉప్పు. ఉప్పులోని క్లోరైడ్ మొప్పల దగ్గర నైట్రైట్‌ని లోపలికి పోనివ్వదు. ఎంత వేయాలన్నది నీళ్లు పరీక్ష చేసి లెక్క కట్టాలి, అంతే, బస్తా ఉప్పుతో పోయేదానికి ఆ రైతు అప్పటికే యాంటీబయాటిక్‌కి వేలు పోశాడు.

యాంటీబయాటిక్ గురించి చెప్పక తప్పదు. దాన్ని మేతలో కలిపి పెడతారు. జబ్బు చేసిన చేప చేసే మొదటి పని మేత మానేయడం. మరి ఆ మందు తింటున్నది ఎవరు? ఆరోగ్యంగా ఉన్న చేప తింటోంది, సంచిలోంచి జారినది బురదలోకి పోతోంది, అక్కడి బ్యాక్టీరియా ఆ మందుకి అలవాటు పడుతోంది. రేపు నిజంగా అవసరం వచ్చినప్పుడు అది పనిచేయదు. మందు వద్దే వద్దని నేను అనడం లేదు, ల్యాబ్‌లో ఏ బ్యాక్టీరియానో తేల్చి, ఏ మందుకి లొంగుతుందో చూసి, పట్టుబడికి ముందు గడువు పాటించి వాడేవాళ్లున్నారు, వాళ్లకి దండం. కానీ ఎక్కువగా జరుగుతున్నది షాపువాడు ఫొటో చూసి చెప్పే వైద్యం. పురుగుల కోసం ఫార్మలిన్ చల్లమంటారు, ఐదు పాళ్ల ఫార్మలిన్ నీళ్లలో ఒక పాలు ఆక్సిజన్‌ని మింగేస్తుందని చెప్పరు. అసలే ఆక్సిజన్ లేక ఇబ్బంది పడుతున్న చెరువుకి ఆ మందు. నాచు ఎక్కువైందని దాన్ని ఒక్కసారిగా చంపే మందు కొడతారు, ఆ చచ్చిన నాచు కుళ్లుతూ ఆ రాత్రి ఉన్న కాస్త ఆక్సిజన్‌నీ లాగేస్తుంది.

చేప ఒంటికి పట్టే పేను విషయం చూడండి. శీలావతికి పేను పడితే చేప గుంజలకేసి, సంచులు కట్టిన కర్రలకేసి ఒళ్లు రుద్దుకుంటుంది, గాయాలవుతాయి, ఆ గాయాల్లోంచి మళ్లీ ఏరోమోనాసే. వెంటనే పొలాలకి కొట్టే పురుగుమందు తెచ్చి చెరువులో పోస్తారు. పేను కొంత పోతుంది, దాంతో పాటు నీళ్లలో తేలే కంటికి ఆనని చిన్న జీవులు, అంటే జంతు ప్లాంక్టన్, అంతా పోతుంది. బొచ్చెకి అదే తిండి. పచ్చ నాచుని తినేది కూడా అదే, కాబట్టి నాచు అదుపు తప్పి పెరిగి, పీహెచ్ ఎగిరి, కథ మళ్లీ మొదటికి వస్తుంది. పేను గుడ్లకి ఆ మందు తగలదు కూడా. గుడ్లు ఎక్కడుంటాయో తెలుసా, మనం చెరువులో పాతిన ఆ కర్రల మీదే, నీటి అడుగున వరసలు వరసలుగా జిగురు పెట్టి అంటించినట్టు ఉంటాయి. ఒక కర్ర పైకి లాగి వెలుగుకి పెట్టి చూస్తే గరుగ్గా, లేత పసుపు గింజల్లా కనిపిస్తాయి. కర్రలు తీసి ఎండలో పడేసి, వాటి బదులు వేరేవి పాతి, మళ్లీ కొన్ని రోజులకి అవీ తీసి ఎండబెడితే పైసా మందు లేకుండా పేను సంతతి సగం పడిపోతుంది. శ్రమ ఉంది, నిజమే. పురుగుమందు కంటే చవక, చేపకీ తినేవాడికీ క్షేమం.

భయం గురించి కూడా ఒక మాట. 1988లో పుండ్ల జబ్బు ఈశాన్య రాష్ట్రాల మీదుగా మన దేశంలోకి వచ్చింది, కొర్రమేను లాంటి చేపలకి ఒళ్లంతా పుండ్లు పడేవి. జనం చేప తినడమే మానేశారు, మత్స్యకారులు అన్ని విధాలా దెబ్బతిన్నారు. తర్వాత తేలింది ఏమిటంటే అది శిలీంధ్రాన్ని పోలిన ఒక నీటి బూజు వల్ల వస్తుంది, చర్మం దెబ్బతిన్న చేపకి, వానల తర్వాత నీళ్లు చల్లబడ్డప్పుడు, నీళ్లలో సున్నపు గుణం తగ్గినప్పుడు అంటుకుంటుంది. భువనేశ్వర్‌లో మంచినీటి చేపల పెంపకం మీద పరిశోధన చేసే సీఫా సంస్థ దానికి సైఫాక్స్ అనే మందు కూడా తెచ్చింది. నేటికీ మాకు చలికాలమంటే భయమే, చల్లటి నీళ్లలో చేప రోగనిరోధకం మందగిస్తుంది. కానీ చలికాలానికి ముందే నీళ్లు సరిచేసుకుని, చేపల సాంద్రత తగ్గించుకున్న చెరువులు తట్టుకుంటున్నాయి. అంటే పేరున్న పెద్ద రోగం కూడా పరిస్థితి చూసే వస్తుంది.

ఇదంతా రైతు చేతిలోనే ఉందా అంటే లేదు. కొల్లేరులోకి బుడమేరు, తమ్మిలేరు వస్తాయి, సముద్రానికి పోయే దారి ఉప్పుటేరు ఒక్కటే. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి విజయవాడ మునిగినప్పుడు ఆ నీళ్లు చివరికి చేరింది మా దిక్కుకే. మామూలు రోజుల్లో కూడా ఊళ్ల మురుగు, పొలాల మందులు, పై చెరువుల్లోంచి ఖాళీ చేసిన నీళ్లు అన్నీ ఒకే డ్రెయిన్‌లో పడతాయి, గుర్రపుడెక్క పట్టి కదలవు, ఆ డ్రెయిన్‌లోంచే కింది రైతు ఇంజను పెట్టి తోడుకుంటాడు. చచ్చిన చేపల్ని కూడా కొందరు అందులోకే విసిరేస్తున్నారు, ఇది చాలా అన్యాయం, గొయ్యి తీసి సున్నం వేసి పూడ్చడానికి ఒక మనిషి అరపూట పని. నీళ్లు మార్చమని సలహా ఇచ్చేవాళ్లు ఏ నీళ్లతో మార్చాలో కూడా చెప్పాలి. మా దగ్గర వేసవిలో నీళ్లు మార్చడమంటే ఒక్కోసారి పక్కవాడి రోగం కొని తెచ్చుకోవడమే.

అధికారులకి నా విన్నపాలు మీ ద్వారా. డ్రెయిన్ నీళ్లని వారానికోసారి ముఖ్యమైన చోట్ల పరీక్ష చేసి, ఆక్సిజన్, అమ్మోనియా, పీహెచ్ ఎంతెంతో లాకుల దగ్గర, గ్రామ సచివాలయం గోడ మీద రాసి పెట్టండి, తోడాలో వద్దో రైతు తేల్చుకుంటాడు. గుర్రపుడెక్క తీయించండి. కరెంటు తీయాల్సి వస్తే పగలు తీయండి, రాత్రి పన్నెండు నుంచి ఆరు దాకా మాత్రం తీయకండి, ఏరేటర్ ఆగితే మా ఏడాది కష్టం ఆ ఆరు గంటల్లో పోతుంది. ల్యాబ్‌లు పది గంటలకి తెరుస్తారు, ఆ వేళకి ఆక్సిజన్ కోలుకుని ఉంటుంది. సీసాలో పట్టుకెళ్లిన నీళ్లలో ఆక్సిజన్ కొలిస్తే వచ్చే అంకెకి అర్థమే లేదు, తెల్లారుజామున చెరువు దగ్గరే కొలవాలి. కాబట్టి ఊరికో మీటరు, దాన్ని వాడటం తెలిసిన ఒక కుర్రాడు ఉంటే సగం సమస్య ముందే తెలిసిపోతుంది. రైతులకి కూడా చెబుతున్నాను, చచ్చి ఉబ్బిన చేపని ల్యాబ్‌కి తీసుకెళ్లకండి, మన ఎండకి రెండు మూడు గంటల్లో అందులో అన్ని బ్యాక్టీరియాలూ పెరుగుతాయి, ఏది చంపిందో ఎవరూ చెప్పలేరు. ప్రాణం ఉండి నీరసంగా గట్టు పక్కకి వచ్చే చేపని పట్టుకెళ్లండి. దాంతో పాటు గత పదిహేను రోజులు ఏం జరిగిందో రాసిన కాగితం తీసుకెళ్లండి. రోజూ తెల్లారుజామున, మధ్యాహ్నం ఆక్సిజన్, పీహెచ్ అంకెలు, వాతావరణం, మేత, చల్లిన మందు, ఒక నోటు పుస్తకం చాలు. చేపల రోగాలు తెలియజేయడానికి కేంద్రం 2023లో రిపోర్ట్ ఫిష్ డిసీజ్ అనే యాప్ తెచ్చింది, అలాంటివి వాడేటప్పుడు కూడా ఈ వివరాలు ఉంటేనే అవతల ఉన్నవాళ్లు ఏమైనా చెప్పగలరు.

చివరగా మీ పత్రికకి. మీరు రోజూ చేపల ధర వేస్తున్నారు, మేం ముందు చూసేది అదే. దాని పక్కనే రాబోయే మూడు రోజుల మబ్బు, గాలి, రాత్రి ఉష్ణోగ్రత వేసి, మబ్బు పట్టేలా ఉంటే మేత తగ్గించండి, రాత్రి ఏరేటర్లు వేయండి అని రెండు లైన్లు రాయండి. ఇక చేపలు చచ్చిపోయాయని విలేకరి ఫోన్ చేసినప్పుడు ఈ ఉత్తరం మొదట్లో నేను అడిగిన ప్రశ్నలు ఆయన్ని కూడా అడగండి. జవాబులు దొరికితే వార్తతో పాటు వేయండి, దొరకకపోతే ఆ రైతు చెరువులో నీళ్లు ఎవరూ కొలవలేదన్న సంగతి వేయండి.

ఇట్లు,
ఒక చేపల రైతు,
కైకలూరు ప్రాంతం